నిమ్మకాయ ముందు ఎడమకాలు

బొమ్మలు వేయడం నేర్చుకోమని బెంగళూరుకు పంపితే, మా అమ్మాయి నడవడం నేర్చుకుని వచ్చింది. అదేం నడకో! తను ఒక అడుగు వేసేలోపల నేను కాఫీ తాగి గ్లాసు కడిగి బోర్లించేయొచ్చు. పుంగనూరు బస్టాండు దగ్గరుండే మా గాజుల అంగడి నుంచి సెంటరు దాకా అట్లా నడుస్తుందట. దారిలో మాట్లాడదట, నీళ్లు ముట్టదట.

"ఇది పర్ఫార్మెన్స్ అమ్మా. ఒళ్లు ఎంత ఓర్చుకుంటాదో సూడాల."

"ఓర్పు సూడాలంటే అంగట్లో కూర్చో. గాజులు బేరమాడే ఆడోళ్లే సూపిస్తారు" అన్నాను. వింటేనా?

మదనపల్లెలో కొన్న ఎర్రచీర కట్టింది. జుట్టు విరబోసుకుంది. రెప్ప వాల్చకుండా ఎదురుగా చూస్తూ మిట్టమధ్యాహ్నం బయలుదేరింది. జనం నవ్వుతారని నేను సిగ్గుతో చచ్చాను. ఒక్కరూ నవ్వలేదు. గంగమ్మ జాతర చేసే ఊళ్లో ఆ చీర, ఆ జుట్టు, ఆ చూపు కనబడితే ఇంకేమనుకుంటారు?

"అమ్మ పూనిందప్పా!" అని ఎవరో అరిచారు. అంతే, కాళ్ల మీద పసుపునీళ్లు పడ్డాయి, వేపమండలు వచ్చాయి, కర్పూరం వెలిగింది. నేను జనంలోకి దూరి "అయ్యో, అది నా కూతురప్పా!" అన్నాను.

"నీ కూతురైతే అమ్మ పూనకూడదా?" అని ఒక ముసలాయన నన్నే కసిరాడు.

ఇంతలో సదుం నుంచి వచ్చిన ఒకామె, చంకలో పిల్లాడితో జనాన్ని తోసుకుని వచ్చింది. వాడి కడుపు ఉబ్బి ఉంది. అమ్మాయి పాదాల ముందు నిమ్మకాయ పెట్టి గట్టిగా ఏడ్చింది.

"అమ్మా, కుప్పం ఆస్పత్రిలో ఆపరేషన్ సేయాలంటాండారు. ఇంట్లో వొద్దంటాండారు. నువ్వే సెప్పల్ల. కుడికాలు దీన్ని దాటితే కుప్పం పోతా. ఎడమకాలు దాటితే బిడ్డను ఇంటికి తీసకపోతా."

గాలిలో ఉన్నది ఎడమకాలు. మెల్లగా, చాలా మెల్లగా దిగుతోంది. దించొద్దే తల్లీ అని అరిచాను, జనం కేకల్లో కలిసిపోయింది. ఆ పిల్లాడి మొహం చూడలేకపోయాను. కాలు నిమ్మకాయ పైకి వచ్చేసింది. ఉన్నట్టుండి అమ్మాయి ఒళ్లంతా కుదిపేసినట్టయి, ఎడమకాలు వెనక్కి లాక్కుని కుడికాలు దబ్బున నిమ్మకాయకు అవతల వేసింది. జనం చేతులెత్తి మొక్కారు. ఆ తల్లి కొంగుతో మొహం తుడుచుకుంటూ పరిగెత్తి కుప్పం బస్సెక్కింది.

అమ్మాయి అక్కడే కూలబడింది. రెక్క పట్టుకుని అంగట్లోకి తీసుకొచ్చి నీళ్లు తాగించాను. ఏడుపు ఆగలేదు నాకు.

"నా బంగారే! నీ పర్ఫార్మెన్స్ సెడితే సెడిందిలే. బిడ్డ ప్రాణం నిలబెట్టినావు."

తను జుట్టు వెనక్కి తోసి, రెండు చెవుల్లోంచీ దూది పీకింది.

"ఏమంటాండావమ్మా? పిక్క పట్టేసింది. పడిపోతానని కాలు మార్చినా."

"ఆమె అడిగింది వినలేదా?"

"ఎవురు?"

ఆ పిక్క పట్టేయకుండా ఉంటే, ఆ బిడ్డ సదుం బస్సెక్కేవాడు.