తలుపు తీసే వేషాలు

బర్మాలో ఎనభై ఎనిమిదిలో జరిగిన గొడవలకి రెండేళ్ళ ముందు, లమ్మడా పేటలో ఒక ఫ్రెంచి ముసలావిడ ఇంట్లో వంటపనికి కుదిరాను. నాకప్పుడు ముప్పై నిండలేదు. సేక్కాన్ రేవులో ఓడెక్కి వెళ్ళిన నా మొగుడు తిరిగి రాలేదు, ఉత్తరమూ రాలేదు. ఆవిడ భర్త బర్మా డాక్టరు. పారిస్‌లో చదువుకునే రోజుల్లో ఆవిణ్ణి పెళ్ళాడి తీసుకొచ్చాడు. ఆయన పోయి చాలాకాలమైంది. పిల్లలు లేరు. ఆవిడతో ఫ్రెంచిలో మాట్లాడేవాళ్ళెవరూ ఊళ్ళో మిగల్లేదు. మేమిద్దరం బర్మా భాషలోనే మాట్లాడుకునేవాళ్ళం. నేను ‘అమే’ అనేదాన్ని, అక్కడ అమ్మని అలాగే పిలుస్తారు. ఆవిడ నన్ను ‘తమీ’ అనేది, కూతురా అని.

మొదటి రోజే నా చేతిలో ట్రే చూసి నవ్వింది.

"అంత పైకి పట్టుకుంటే కెమెరాకి నీ మొహం కనబడదు."

ఫ్రాన్సులో టాకీలు మొదలైన కొత్తలో ఆవిడ పన్నెండు సినిమాల్లో చేసిందట. దాదాపు అన్నిట్లోనూ పనిమనిషి వేషమే. తలుపు తీయాలి, "అమ్మగారు ఇంట్లో లేరండీ" అనాలి, తప్పుకోవాలి. మైకుని పూలకుండీలో దాచేవారట, అందుకని కుండీ పక్కన ఆగి మాట్లాడాలి. అది చూపించడానికి మా వంటింట్లో ఉప్పుజాడీ మీదికి వంగేది. చివరి సినిమాలో ఒక్క ఏడుపు సీను దొరికింది. అది విడుదల కాకముందే పెళ్ళయి ఓడెక్కేసింది. ఆ ఏడుపు ఉంచారో, కోసేశారో ఆవిడకి తెలియదు.

మా అమ్మ అదే ఊళ్ళో, తెలుగువాళ్ళుండే పబేడాన్‌లో ఒక పప్పులకొట్టు వెనకగదిలో ఉండేది.

"ఏటే, ఆ తెల్లముసిల్దానికాడ ఏటుందే నీకు? మనోల్ల పెల్లికీ రావు, సావుకీ రావు," అనేది.

మొగుడేడని అడుగుతారని వెళ్ళేదాన్ని కాదు. అమ్మకి ఆ మాట చెప్పలేదు.

ఎనభై ఎనిమిది ఆగస్టులో ఒక రోజు మా వీధి చివర సైన్యం కాల్పులు మొదలుపెట్టింది. పొద్దున జెండాలు పట్టుకుని పాడుతూ వెళ్ళిన పిల్లల చెప్పులు రోడ్డు నిండా పడి ఉన్నాయి. నాలుగు రోజులు నేను గడప దాటలేకపోయాను. కిటికీలు మూసుకుని, ఉన్న బియ్యమూ ఉల్లిపాయలతో నెట్టుకొచ్చాం. అమ్మ బతికి ఉందో లేదో తెలిసే దారి లేదు.

మూడో రోజు వంటింట్లో కూర్చుని ఏడుస్తుంటే ఆవిడ వచ్చింది. నన్ను లేపి, ముందుగదిలో డాక్టరుగారి కుర్చీలో కూర్చోబెట్టి లోపలికి వెళ్ళింది. కాసేపటికి ట్రేతో వచ్చింది. ఎనభైకి దగ్గరపడ్డ మనిషి, కప్పు చప్పుడు కాలేదు. నా ముందు పెట్టి, ఫ్రెంచిలో ఏదో అని, రెండడుగులు వెనక్కి వేసి నిలబడింది.

"ఏమన్నారు, అమే?"

"టీ తెచ్చానమ్మగారూ అన్నాను. నువ్విప్పుడు నా వైపు చూడకూడదు. సినిమాల్లో అమ్మగార్లు చూసేవారు కాదు."

నేను చూశాను.

"తప్పు చేశావు. ఈ సీను మళ్ళీ తీయాలి," అంది. కానీ లోపలికి వెళ్ళకుండా నా పక్కనే స్టూలు మీద కూర్చుంది.

పెళ్ళయ్యాక నా చేతికి టీ తెచ్చి ఇచ్చినవాళ్ళు లేరు. "మా ఆయన ఇంక రాడు, అమే," అన్నాను. అంతవరకూ ఎవరితోనూ అనని మాట. నేను తాగేదాకా ఆవిడ అక్కడే కూర్చుంది.

ఐదోనాడు పబేడాన్‌కి నడిచి వెళ్ళాను.

"ఓలమ్మో, వొచ్చీసినావేటే! అన్నం సయించనేదు నాకు," అని అమ్మ నా వీపు మీద చరిచి, పట్టుకుని ఏడ్చింది.

ఆ చలికాలమే మా ముసలావిడ జ్వరంతో పోయింది. శ్మశానానికి పాదిరీగారూ, పెట్టె మోసినవాళ్ళూ, నేనూ వెళ్ళాం. ఆవిడ ఏం చేసేవారని పాదిరీగారు అడిగితే సినిమాల్లో చేసేవారన్నాను. తర్వాత ఒక బడిలో ఆయాగా చేరాను. అమ్మా పోయింది.

చాలా ఏళ్ళకి, ఊళ్ళో అందరి చేతుల్లోకీ ఫోన్లు వచ్చాక, ఫోన్ల కొట్టులో అమ్మాయి వాటిలో పాత సినిమాలు కూడా దొరుకుతాయంది. ఫ్రెంచి సినిమాల్లో చేసినావిడ ఒకరున్నారన్నాను.

"ఆవిడ పేరు చెప్పండి, చూస్తాను."

నాకు తెలిసింది పెళ్ళయ్యాక ఆవిడకి డాక్టరుగారు పెట్టిన బర్మా పేరే. తెర మీద వేసుకున్న పేరు ఆవిడ చెప్పలేదు, నాకు అడగాలని తోచలేదు. ఏం లేదులే అని ఇంటికి వచ్చేశాను.