చౌడయ్య పారువేట

తిరుత్తణికి పడమట, మా ఊరి పక్కనున్న అడవి వేసవిలో ఆకులన్నీ రాల్చేసి, వాన పడగానే మళ్ళీ ఇగురు పెడుతుంది. 1979లో దాన్ని జంతువుల అభయారణ్యం చేశారు. వల పన్ని చెవులపిల్లుల్ని, అంటే కుందేళ్ళను, పట్టడంలో చౌడయ్యను మించినవాడు ఈ చుట్టుపక్కల లేడు. అందుకే అటవీశాఖ వాళ్ళు ఆయన్నే వాచర్‌గా పెట్టుకున్నారు.

"పాలకు పిల్లిని కాపలా పెట్టినారు" అని అందరికంటే ముందు నవ్వింది ఆయన భార్య చెంగమ్మే.

చిక్కు దసరాకు వచ్చింది. విజయదశమినాడు మా ఊరి పెరుమాళ్ళు పల్లకీలో అడవికి పారువేటకు, అంటే వేట ఉత్సవానికి, వెళతాడు. చౌడయ్య ఇంటివాళ్ళు బతికున్న చెవులపిల్లిని తెచ్చి స్వామి ముందు వదలాలి. అర్చకుడు పూలు చుట్టిన బాణం వేస్తాడు. చెవులపిల్లి పారిపోతే వేట ముగిసినట్టు. అప్పుడు చౌడయ్య తలకు పరివట్టం కడతారు. ఆ పట్టుగుడ్డ తాతల నాటి నుంచి ఆ ఇంటి మర్యాద. ఈసారి చెవులపిల్లిని పడితే ఉద్యోగం పోతుంది, పట్టకపోతే మర్యాద పోతుంది.

"పట్టి వదిలేసేదే గదప్పా, దానికేమి?" అన్నాడు ధర్మకర్త ఇంద్రసేన నాయుడు.

"ముట్టుకుంటేనే నేరమని రేంజరయ్య చెప్పినాడయ్యా."

"అట్లయితే సామి ఊరికే తిరిగి రావాల్నా? నువ్వు కాకుంటే వల వేసే ఆ పళని తెస్తాడు. పరివట్టం వానికే."

ఆ సాయంత్రం చౌడయ్య మా ఇంటికి వచ్చాడు. నేను తిరుత్తణి బడిలో సైన్సు చెబుతాను.

"టీచరమ్మా, చెవులపిల్లి పగలు యాడ పండుకుంటుందో మీ పుస్తకంలో ఉండాదా?"

"గడ్డిలో కదలకుండా పడుకుంటుందని ఉంది."

"ఏ గడ్డిలో అని లేదు గదా? అది నాకు తెలుసు." ఆయన ముఖం వెలిగింది. "దాన్ని సామి దగ్గిరికి తెస్తేనే గదా తప్పు? సామినే దాని దగ్గిరికి పిలుచుకొని పోతే?"

రేంజర్ రాజమాణిక్యం ఒప్పుకున్నాడు. "సరి. వల వద్దు, మేళం వద్దు, ఎవరూ తాకకూడదు" అని చెప్పి, చూడటానికి తానూ వచ్చాడు.

దశమినాడు డోళ్ళు చంకల్లో పెట్టుకుని అరవై మంది పిల్లుల్లా నడిచాం. నా చంకలో రెండేళ్ళ కూతురు. పొద్దుటి నుంచి దాని మేజోళ్ళలో నెత్తురు పీల్చే గోమార్లు ఉన్నాయేమోనని వెతుకుతూనే ఉన్నాను. అవి కరిస్తే పూయడానికి సంచిలో అయోడిన్ సీసా కూడా ఉంది.

ఒక బోదగడ్డి దుబ్బు ముందు చౌడయ్య చెయ్యెత్తాడు. గడ్డి అడుగున వీపుకు అంటుకుపోయిన రెండు చెవులు కనిపించాయి. అర్చకుడు బాణం వేశాడు. జానెడు దూరంలో పడింది. చెవులపిల్లి కదల్లేదు.

అది లేస్తేగాని స్వామి వెనక్కి తిరగడానికి లేదు. పల్లకీ బోయీలు భుజాలు మార్చుకున్నారు.

"చిన్న రాయి వేద్దునా?" అన్నాడు పళని.

"వేస్తివా, ఈ ఉద్యోగం నువ్వే చేసుకో. గమ్మునుండు" అన్నాడు చౌడయ్య.

నాయుడు చెమట తుడుచుకున్నాడు. "ఎంతసేపురా చౌడా?"

"దానికి బుద్ధి పుట్టేదాకా. సామికి తొందర లేదయ్యా, మీకే."

పావుగంట గడిచింది. నా కూతురు ఏడవబోతూ మూతి వంకర పెడుతుంటే నోట్లో బెల్లం ముక్క పెట్టాను. అప్పుడు లేచింది చెవులపిల్లి. ముందుకాళ్ళు చాచి ఒళ్ళు విరుచుకుంది. బాణాన్ని వాసన చూసి, ఒక పూరేకు కొరికి చూసింది. నచ్చలేదేమో, ఒక్క దూకున బోయీల కాళ్ళ సందులోంచి పరుగెత్తింది. ముందు బోయీ ఎగిరి గంతేశాడు, పల్లకీలో స్వామి కూడా ఊగాడు.

"గోవిందా!" అని మొదట అరిచింది రేంజరే.

అడవి దాటాక డోళ్ళు మోగాయి. నాయుడు పరివట్టం చౌడయ్య తలకు తన చేతుల్తోనే కట్టాడు. వచ్చే ఏడూ ఇట్లాగే జరగాలని అర్చకుడు కోరితే, రేంజర్ తలూపాడు.

"ఉద్యోగమూ నిలిచె, పరివట్టమూ నిలిచె" అంది చెంగమ్మ నాతో. "ఇంక ఈ మనిషి మా గుడిసె పొట్టి వాకిట్లో తల వంచుతాడా అమ్మా?"

"వంచకుంటే పరివట్టం దూలానికి తగిలి పడిపోదా ఏమే?" అన్నాడు చౌడయ్య.