పిట్ట ముట్టని పూట

మా తాత పోయిన మూడో రోజు పిట్టకు, అంటే కాకికి, పెట్టడానికి పొలం దగ్గరికి వెళ్లాం. ఆ రోజు నేను చేసిన దొంగపని ఇన్నాళ్లూ ఎవరికీ చెప్పలేదు. ఇప్పుడు తప్పు ఒప్పుకుంటున్నానని మాత్రం అనుకోకండి. అవకాశం వస్తే మళ్లీ చేస్తాను.

ముందు తాత పట్టీ సంగతి చెప్పాలి. ఆయన కళ్లకు పొర కమ్మి గోడగడియారం కనపడకుండా పోయాక, దుబాయ్‌లో పనిచేసే మా మేనత్త కొడుకు ఒక కాలం పట్టీ తెచ్చిచ్చాడు. దానికి ముల్లు లేదు, అంకెలు లేవు. మణికట్టుకు కట్టుకుంటే నిమిషానికోసారి అదురుతుంది, గంటకోసారి గట్టిగా పట్టి వదులుతుంది. నెల రోజులు కట్టుకుంటే చాలు, ఆకలి తెలిసినట్టే టైమూ ఒంటికి తెలిసిపోతుంది. ఇక తాతను పట్టలేకపోయాం. అరుగు మీద కళ్లు మూసుకుని కూర్చుని, దారిన పోయేవాళ్లనల్లా ఆపి, "పదకొండు ఇరువై రెండు. కావాల్నంటె నీ ఫోన్ల సూసుకో" అనేవాడు. ఒక్కసారీ తప్పలేదు. పెద్దపల్లి బస్సు ఎన్ని నిమిషాలు లేటో డ్రైవర్‌కే చెప్పి తిట్లు తినేవాడు. స్నానానికి కూడా ఆ పట్టీ విప్పేవాడు కాదు.

ఆయన పోయిన మర్నాడే కొడుకులిద్దరూ, మా పెద్దబాపు, బాపు కూర్చుని నాయనమ్మను వంతులేసుకున్నారు. ఒక నెల మంచిర్యాలలో పెద్దబాపు దగ్గర, ఒక నెల కరీంనగర్‌లో మా దగ్గర. ఊళ్లో ఇంటికి తాళం. ఆమెను ఒక్క మాట అడిగిన పాపాన పోలేదు.

"నెలకోపాలి మార్చుకునెతందుకు నేనేమన్న గ్యాస్ బండనా?" అంది నాయనమ్మ నాతో. "నా ఇల్లు, నా పొయ్యి ఇడిశిపెట్టి నేను యాడికి రాను బిడ్డా."

కొడుకుల ముందు మాత్రం నోరెత్తలేదు. నాకు ఒళ్లు మండి, ఆమెనెందుకు అడగలేదని నేనే అడిగాను. "ఆడివిల్లవు, నీకెందుకు గీ ముచ్చట్లు" అని బాపు నా నోరు మూయించాడు.

మూడో రోజు విస్తట్లో అన్నం, నాటుకోడి కూర, గారెలు పెట్టి, పక్కన కల్లు సీసా, బీడీ కట్ట ఉంచాం. పోయినవాళ్లకు ఇష్టమైనవన్నీ పెట్టాలి కదా. నాయనమ్మ కొంగుముడి విప్పి తాత పట్టీ తీసింది. మట్టి అంటకుండా స్టీలు పళ్లెంలో వేసి విస్తరి పక్కన పెట్టింది. అందరం దూరం జరిగి నిలబడ్డాం. కాకి వచ్చి ముట్టేదాకా ఎవరికీ తిండి లేదు. ముట్టలేదంటే పోయిన మనిషికి ఏదో కోరిక మిగిలిపోయినట్టే.

కాకులకేం తక్కువ, తుమ్మచెట్టు నిండా ఉన్నాయి. ఒకటి దిగి, రెండు గెంతులు గెంతి, కూర వైపు మెడ చాచి, ఎందుకో బెదిరి ఎగిరిపోయింది. ఇంకోటీ అంతే. నాలుగోది కూడా పోయేసరికి అందరి మొహాలూ మాడిపోయాయి.

ఇంకో గారె వేసి రమ్మని నన్ను పంపారు. నేను వంగేసరికి పళ్లెంలో పట్టీ టర్ర్‌మని అదిరింది. ఓహో, ఇదా సంగతి! దూరంగా ఉన్నవాళ్లకు ఆ చప్పుడు వినపడదు. తీసేద్దామని చెయ్యి చాచాను. సరిగ్గా అప్పుడే వెనక నుంచి తాతను వేడుకుంటూ పెద్దబాపు గొంతు.

"బాపూ, నీ బోరు మోటరు కాలవెట్టింది నేనే. పేరు తమ్మునిదైంది. మనసుల వెట్టుకోకు, జర ముట్టు."

"నువ్వానే!" అని మా బాపు అరిచాడు. "గా మోటరుకు నేను చెర్నకోల దెబ్బలు తింటి గదనే అన్నా!"

నేను చెయ్యి వెనక్కి తీసుకుని, తేలు కుట్టిన దొంగలా వచ్చి నిలబడ్డాను.

కాకి దిగింది, పోయింది. ఇప్పుడు మా బాపు వంతు. "డాక్టరు చెప్పిండని నీ కల్లుల నీళ్లు కలిపిన బాపూ" అని చెంపలేసుకున్నాడు. కాకి మళ్లీ పోయింది. ఎండ నెత్తి మీదికి వచ్చింది. పెద్దబాపు షుగర్ మనిషి, కాళ్లు వణుకుతున్నాయి. నా కడుపులోనూ ఎలుకలు పరుగెడుతున్నాయి. అయినా మొహం అమాయకంగా పెట్టి అన్నాను: "తాతకు నాయనమ్మ ఫికరే ఉన్నట్టుంది."

అన్నదమ్ములిద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

"అవ్వకు ఇష్టమున్న కాడనే ఉంటది బాపూ" అన్నాడు పెద్దబాపు చివరికి. "ఇంటికి తాళమెయ్యం."

"నాది గూడ ఒట్టే" అన్నాడు బాపు.

దండం పెట్టుకొస్తానని నేను తాపీగా వెళ్లాను. అందరూ చూస్తున్నారు కదా, మోకాళ్ల మీద కూర్చుని మొక్కినంతసేపు మొక్కి, పట్టీని చున్నీలో దాచేశాను. నేను వెనక్కి వచ్చేలోపే కాకి కూరలో ముక్కు పెట్టింది. పెద్దబాపు, బాపు ఒకరినొకరు పట్టుకుని బోరుమన్నారు. నవ్వు ఆపుకుందామని తల దించుకున్నానేగాని, నాకూ ఏడుపొచ్చింది.

తిరిగి వస్తుంటే నాయనమ్మ వెనకబడి, నా పక్కకు వచ్చి చెయ్యి చాచింది.

"ఇటియ్యి."

"ఏంది నాయనమ్మా?"

"గది మోగుతదని ఎర్కయ్యే పెట్టిన. నాతోని నాటకాలా?"

చున్నీలోంచి తీసి ఇచ్చేశాను. పట్టీని మళ్లీ కొంగున ముడేసుకుంది.

"వాళ్లు మాటిచ్చినంక జల్ది తియ్యొద్దా బిడ్డా? గంతసేపు మొక్కుతవా? కూర సల్లగైపాయె. మీ తాతకు సల్లకూర సయించదు."

అని అక్కడే గట్టు మీద కూలబడి ఏడ్చింది. ఆ మూడు రోజుల్లో ఆమె ఏడవడం నేను చూసింది అప్పుడే.