డిసెక్షన్ హాల్లో లేచిన పాదం

దయ్యాలున్నాయని నేనెప్పుడూ నమ్మలేదు. ఇప్పటికీ నమ్మను. ఇది గుంటూరులో, మెడిసిన్ మొదటి సంవత్సరంలో, పట్టపగలు పదకొండింటికి జరిగింది.

మాది కనిగిరి దగ్గర పల్లె. నా ఎడమ పాదం పైకి లేవదు, ఈడ్చుకుంటూ నడుస్తాను. చిన్నప్పుడు పోలియో వచ్చిందని ఇంట్లో చెప్పారు. ఊళ్ళో సూదిమందు వేసే మా బాబాయి ప్రతి ఆదివారం చర్చి నుంచి రాగానే ఆ పాదానికి నూనె రాసి ప్రార్థన చేసేవాడు. ఆయనంటే నాకు ప్రాణం.

ఆ రోజు బోర్లా పడుకోబెట్టిన శవం పిరుదు కండ తెరిచి మేడం పాఠం చెబుతున్నారు. కటి ఎముక వెనక రెండు రంధ్రాలుంటాయి. పెద్దదాంట్లోంచి రక్తనాళాలతో కలిసి బయటికొచ్చే ఒక నరం, చిన్నదాంట్లోంచి మళ్ళీ లోపలికే వెళ్తుంది. దాని పక్కనే బొటనవేలంత లావున కాలికి దిగే సయాటిక్ నరం. దాన్ని పట్టకారుతో ఎత్తమన్నారు నన్ను.

ఎత్తాను. ఫార్మలిన్ వాసన పోయి ఒక్కసారిగా మిరప ఘాటు. నేనెవరి ఒళ్ళోనో బోర్లా ఉన్నాను. కింద ఎర్రగా ఆరబోసిన కాయలు. ఎడమ పిరుదులో సూది దిగింది.

"ఏయ్, నీ పాదం లేచిందే!" పక్కనున్న రజియా దగ్గుతూ అంది. చూశాను. నిజంగానే లేచి ఉంది. మరుక్షణం వాలిపోయింది.

మేడం ఇదేమీ గమనించలేదు. "పిరుదుకి సూది పైన, బయటి మూలనే వెయ్యాలి. తప్పు చోట పడితే ఈ నరం పోతుంది. పాదం ఇక లేవదు," అన్నారు.

మధ్యాహ్నం అమ్మకి ఫోన్ చేశాను. "మిరప కళ్ళంలో బాబాయి నాకు సూది వేశాడా?"

"కళ్ళంలో అని నీకెవరు చెప్పారే?"

"నాకప్పుడు ఎన్నేళ్ళు?"

"ఏడాది కూడా నిండలా. జొరంతో కాలిపోతన్నావు. నేనే ఒళ్ళో పట్టుకున్నా. ఎవరికీ చెప్పొద్దని మీ బాబాయి మా కాళ్ళు పట్టుకుని ఏడ్చాడే."

నాన్నకీ తెలుసు. పిన్నికీ తెలుసు. నా పాదం పట్టుకుని దేవుణ్ణి అడిగినవాడికి అందరికంటే బాగా తెలుసు.

తర్వాత నరానికి కరెంటు పరీక్ష చేయించుకున్నాను. అందులోంచి కబురు పాదానికి వెళ్ళే అవకాశమే లేదన్నారు. మరి ఆ రోజు ఎలా లేచిందో నాకు తెలియదు. ఆ తర్వాత మళ్ళీ లేవలేదు.

ఇంట్లో ఇంతవరకూ ఎవరూ నన్ను క్షమించమని అడగలేదు. నాకెవరు చెప్పారా అని ఒకరినొకరు అనుమానిస్తున్నారు.