నా గొంతు వెంట నడిచిన మనిషి

దయ్యాల మాట ఎత్తితే మా ఇంట్లో అందరికంటే ముందు నవ్వేదాన్ని నేనే. ఇప్పటికీ దయ్యాన్ని చూశానని చెప్పడం లేదు. విన్నానని మాత్రం చెప్పగలను. అది కూడా నా గొంతులోనే.

అప్పటికి తెలంగాణ ఇంకా రాలేదు. మాది తణుకు. ఉప్పల్‌లో అద్దెకుంటూ, నాచారం పారిశ్రామికవాడలో ఒక చిన్న ఆఫీసులో పనిచేసేదాన్ని. ఆసుపత్రికో గ్యాస్ కంపెనీకో ఫోన్ చేస్తే "తెలుగు కోసం ఒకటి నొక్కండి" అని వినిపిస్తుంది చూడండి, అవి తయారుచేయడమే మా పని. తెలుగు గొంతు నాది.

వాటిని పరీక్షించేది యాదగిరి. జనగామ వైపు మనిషి, నాకంటే పదేళ్ళు పెద్ద. ఏ అంకె నొక్కితే ఏ మాట రావాలో కొమ్మలు కొమ్మలుగా గీసిన కాగితం ఒక చేత్తో పట్టుకుని, సెల్ చెవికి ఆనించుకుని, రోడ్డు మీద నడుస్తూ ఒక్కో కొమ్మకీ టిక్కు పెట్టేవాడు. జనం ఫోన్లు చేసేది హారన్ల మధ్యే కాబట్టి పరీక్ష కూడా అక్కడే జరగాలని ఆయన వాదన. ఇంకో పట్టుదల కూడా ఉండేది. "కాల్ చేసినందుకు ధన్యవాదాలు" అని చివరి మాట వినిపించేదాకా ఫోన్ పెట్టడు.

"నడుమల పెట్టేస్తే గది టెస్టింగ్ ఎట్లయితది మేడం?" అనేవాడు. ఆయన చాదస్తానికి ఆఫీసంతా నవ్వుకునేవాళ్ళం.

ఆ రోజు ఒక ఆసుపత్రి లైను పరీక్షించాలి. మహా అయితే అరగంట పని. పదకొండుకి వెళ్ళిన మనిషి రెండున్నరైనా రాలేదు, టిఫిన్ డబ్బా విప్పనేలేదు. ఫోన్ చేస్తే ఎంగేజ్. మల్లాపూర్ వైపు నడుచుకుంటూ వెళ్తున్నాడని టీ కొట్టు ఆయన చెబితే వెతుక్కుంటూ బయల్దేరాను.

ఫ్యాక్టరీల వెనక సందులో కనిపించాడు. పిలిచినా తిరిగి చూడలేదు. పక్కకి వెళ్ళి చేతిలో కాగితం చూశాను. అచ్చు వేసిన కొమ్మలు అయిపోయాయి. అక్కణ్ణుంచి పెన్సిల్‌తో కొత్త కొమ్మలు గీసుకుంటూ పోయాడు. వెనక్కి తిప్పి రెండోవైపు కూడా నింపేశాడు, సందు లేకుండా.

అప్పుడు ఫోన్లోంచి నా గొంతు వినిపించింది. "ఎడమవైపు వెళ్ళడానికి ఒకటి నొక్కండి. గోడ దాటడానికి రెండు నొక్కండి."

ఆ మాటలు నేను ఎప్పుడూ రికార్డు చేయలేదు. ఒట్టు వేసి చెబుతున్నాను. ఆయన రెండు నొక్కాడు. ఎదురుగా ఉన్న, సగం కూలిన ప్రహరీ దాటాడు. అవతల మురుగుకాలువ, దాని మీద ఒక బండరాయి, ఆపైన రైలు పట్టాలు.

నేను గోడ దాటేసరికి ఆయన పట్టాల దగ్గర ఉన్నాడు. "యాదన్నా, ఆగండి!" అని గట్టిగా అరిచాను. జీవితంలో నేను చేసిన పెద్ద తప్పు అదే. ఆయన ఆగాడు. సరిగ్గా రెండు పట్టాల మధ్య.

మౌలాలి వైపు నుంచి రైలు కూత వినపడింది. రమ్మని ఏడుస్తూ పిలిచాను. కదల్లేదు. బొటనవేలు మాత్రం ఫోన్ మీటల మీద తచ్చాడుతోంది. అంకె చెబితే తప్ప ఈ మనిషి కదలడని అర్థమైంది. గొంతు సవరించుకుని, మైకు ముందు కూర్చున్నప్పుడు ఎలా పలుకుతానో అలాగే, ఏ వణుకూ లేకుండా అన్నాను.

"వెనక్కి రావడానికి సున్నా నొక్కండి."

నొక్కాడు. వెనక్కి తిరిగి నడిచి, కాలువ దాటి నా ముందుకొచ్చి నిలబడ్డాడు. గూడ్సు బండి పోతున్నంతసేపూ ఆయన చొక్కా పట్టుకునే ఉన్నాను. కళ్ళు తెరిచే ఉన్నాయి గానీ నన్ను చూడటం లేదు. బండి పోయాక మెల్లగా అడిగాడు.

"ఇప్పుడేం నొక్కాలె?"

నోటికొచ్చిన ఆ చివరి మాట అనేశాను. "కాల్ చేసినందుకు ధన్యవాదాలు." అప్పుడు ఫోన్ చెవి దగ్గర నుంచి తీశాడు. నన్ను గుర్తుపట్టి చిన్నపిల్లాడిలా ఏడ్చాడు.

సాయంత్రం ఆఫీసులో అన్నీ తిరగేశాం. ఆ కాల్ నాలుగు నిమిషాలకే తెగిపోయినట్టు ఉంది. నా రికార్డింగులు ఒక్కొక్కటీ విన్నాం. గోడ మాట ఎక్కడా లేదు. ఇంటికెళ్ళి చెబితే మా ఆయన ఎండదెబ్బ అన్నాడు. అయ్యుండొచ్చు. అయితే ఆ గొంతు నేను కూడా విన్నాను కదా, నాకు తగిలిందేమిటి?

నెల తిరక్కుండా ఉద్యోగం మానేశాను. భయపడే మానేశాను, దాచుకోవడానికేముంది. యాదగిరి బాగానే ఉన్నాడు, లాలాపేట్‌లో చెప్పుల దుకాణం పెట్టుకున్నాడు. జరిగిన దాని గురించి ఒక్కసారే మాట్లాడాడు, అదీ నేను పని మానేసిన రోజు, బస్‌స్టాపులో.

"నువ్వు ఆఖరి మాట చెప్పినవ్, నేను బయటకొచ్చిన మేడం. లోపల ఇంకా మస్తుమంది తిరుగుతున్నరు. ఆళ్ళకు ఎవ్వరు చెప్పలే."

వాళ్ళకి ఆ మాట చెప్పగలిగేది నా గొంతేనేమో. ఏ నంబరుకి చేసి చెప్పాలో మాత్రం నాకు తెలియదు.