మామిడికాయ మీద నా హై కిక్

నిన్న మనవరాలు చూస్తున్న జపాన్ కార్టూన్‌లో ఓ పిల్ల గాల్లోకి ఎగిరి, తల ఎత్తుకు కాలు లేపి తన్నింది. నాకు పచ్చి మామిడి సొన వాసన వచ్చింది.

ఎనభైల్లో వీడియోలో కరాటే సినిమా చూసొచ్చి, తోటలో కిందికి వేలాడే కాయల్ని తన్నినవాళ్లు మీలోనూ ఉంటారు కదూ? మా నూజివీడు తోటలో పరికిణీ ఎగ్గట్టి నేనూ తన్నాను. కాయను తొడిమతోనే కోయాలని నాన్న ఎందుకనేవారో అప్పుడే తెలిసింది. తొడిమ ఊడి, సొన పక్కనే నిలబడ్డ చెల్లి కంట్లోకి చిమ్మింది.

“అక్కా, మంట! కన్ను తెరుచుకోవట్లేదే!”

బోరింగు దగ్గరికి లాక్కెళ్లి నీళ్లు చల్లుతూనే ఉన్నాను. రెప్ప వాచిపోతోంది. ఎంతసేపటికో ఎర్రటి కన్ను కొంచెం తెరిచింది.

“కనిపిస్తున్నానా?” అన్నాను.

“కనిపిస్తున్నావు. అమ్మకి చెప్పను గానీ, వెళ్లి ఇంకో కాయ పక్కన నిలబడు. ఇప్పుడు నేను తంతాను.”

వెళ్లి నిలబడ్డాను. కళ్లు మూసుకోలేదు.