కొత్త బోరు దగ్గర నేను తాగిన చెంబెడు నీళ్లు

నీళ్ల గురించి ఎవరైనా నాకు నీతులు చెబితే ఒళ్లు మండుతుంది. నీరే ప్రాణం అని గోడల మీద రాస్తారు చూడండి, ఆ రాతలు చూసినా అంతే. ప్రాణమని తెలియక ఎవరూ చెడిపోలేదు మా వైపు. తెలిసే చెడిపోయాం.

ప్రొద్దుటూరులో నీళ్లు పరీక్ష చేసే ఒక చిన్న ల్యాబులో నేను చాలా ఏళ్లు దినకూలీ మీద పనిచేశాను. పొద్దున్నే జమ్మలమడుగు బస్సో పులివెందుల బస్సో ఎక్కడం, ఊరూరి బోరు దగ్గర సీసా నింపుకోవడం, ఊరి పేరు రాసిన చీటీ అంటించి సాయంత్రానికి తెచ్చి ల్యాబులో పెట్టడం, ఇదీ నా పని. కొన్నాళ్లకు పరీక్ష చేయడం కూడా నేర్పించారు. నీళ్లలో ఎర్రటి మందు వేయాలి. రంగు ఎర్రగానే నిలిస్తే తాగొచ్చు. పసుపులోకి తిరిగితే ఫ్లోరైడ్ ఎక్కువని అర్థం. ఆ నీళ్లు తాగిన పిల్లలకు పళ్లు గారపడతాయి, తర్వాత కాళ్లు వంకరపోతాయి. అంతకుమించి నాకు పెద్దగా చదువు లేదు.

అవి ఫ్యాక్షన్ రోజులు. సీసాల సంచితో ఊళ్లో దిగితే ముందు అడిగే మాట, "ఎవరి మనిషివప్పా?" నేను నీళ్ల ల్యాబు మనిషినంటే నమ్మేవాళ్లు కారు. పులివెందుల దగ్గర ఒక ఊళ్లో, మొదలంటా నరికేసిన చీనీ బత్తాయి తోట పక్కన, నేను సీసా నింపుకుంటుంటే ఒకాయన వచ్చి నా సంచి మొత్తం కింద దులిపించాడు. బాంబుల సామాను ఉందేమోనని. చివరికి ఒక సీసా నా చేతే తాగించి వదిలిపెట్టాడు. అప్పుడు నవ్వుకున్నాను.

మా అక్కను ఇచ్చిన ఊరు జమ్మలమడుగు దాటాక వస్తుంది. ఆ ఊరి మిద్దెలెక్కితే మైలవరం డ్యాం కట్ట కనిపిస్తుంది. డ్యాం నిండా నీళ్లున్న ఏడు కూడా ఆ ఊరు బోరు నీళ్లే తాగేది. కాలువలు అటు తిరగలేదు, పైపులు ఇటు రాలేదు, అడిగే నాయకుడు లేడు. నాయకులకు వేరే పనులున్నాయి. ఊళ్లో పై వీధి ఒక వర్గం, కింద వీధి ఇంకో వర్గం. పార్టీలు మారేవి, కండువాల రంగులు మారేవి, వీధులు మాత్రం మారేవి కావు. పై వీధికి వాళ్ల పెద్దాయన వేయించిన బోరు. కింద వీధికి వంక పక్కన, అంటే చిన్న వాగు పక్కన, పాత బాయి. మా బావది పై వీధి.

అక్క కూతురికి అప్పుడు ఆరేడేళ్లు. కొత్తగా వచ్చిన పళ్ల మీద గోధుమరంగు చారలు. పరిగెత్తితే మోకాళ్లు ఒకదానికొకటి తగిలేవి. ప్రొద్దుటూరులో డాక్టరుకు చూపిస్తే, "దీనికి మందుల్లేవమ్మా. ఎముకలు ఎదిగే వయసు. ఇప్పుడే నీళ్లు మారిస్తే కాళ్లు నిలబడతాయి, లేకుంటే లేదు," అని తేల్చేశాడు. అక్క దారి పొడవునా ఏడ్చింది. నేను వెంటనే పోయి రెండు నీళ్లూ పట్టుకొచ్చి పరీక్ష చేశాను. పై వీధి బోరు పసుపు. కింద వీధి బాయి ఎరుపు, నిఖార్సైన ఎరుపు.

ఇంత సులువైన సంగతి ఇంకోటి ఉండదనుకుని, సంతోషంగా పోయి అక్కా బావల ముందు చెప్పాను. బావ చేయి కడుక్కుంటూ విని, "వాళ్ల బాయిలో చేద వేసినోడు వాళ్ల మనిషే అంటారప్పా. ఈ పొద్దు నీళ్లకు పోతే రేపు ఓటుకు గూడా పోతాడంటారు. నేను ఈ వీధిలో బతకాల," అన్నాడు.

"పాప కాళ్లు బావా."

"నాకు తెల్దా?" అన్నాడు. కోపంగా కూడా అనలేదు. అక్క కొంగు నోటికి అడ్డం పెట్టుకుని లోపలికి పోయింది.

ఆయన ఊరికే కూర్చోలేదు, అదొక్కటి ఒప్పుకోవాలి. పెద్దాయన దగ్గరికి పోయి చెప్పుకున్నాడు. పెద్దాయన చెడ్డవాడు కాదు. తన మనుషుల కోసం కోర్టుల చుట్టూ తిరిగాడు, పెళ్లిళ్లు చేయించాడు. "నా మనుషుల బిడ్డలకు నా నీళ్లే తాపుతా. కొత్త బోరు ఏపిస్తా, ఊరంతా సూడాల," అన్నాడట. నేను భయపడుతూనే ఆయన ఇంటికి పోయి, లోతుకు పోయేకొద్దీ ఈ ఫ్లోరైడ్ ఎక్కువవుతుందన్నా, వంక పక్కన పైపై నీళ్లే మంచివి అని చెప్పాను. ఆయన నవ్వాడు. "వంక పక్క వాళ్లది గదా అబ్బీ. మనది లోతు నీళ్లు. లోతు నీళ్లే తియ్యగుంటాయి. వాళ్లది మూడు మట్ల బాయి, ముగ్గురు మనుషుల లోతు. మనం ఆరు నూర్ల అడుగులు ఏపిస్తాం," అన్నాడు. లోతులో కూడా పోటీయే. చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టయింది నా పని.

చేతిలో టెంకాయ పెట్టుకుని నీటి జాడ చూసే మనిషి వచ్చాడు. బోరు వేసే తమిళనాడు బండి వచ్చింది. రెండు రోజులు వీధంతా తెల్లటి దుమ్ము. నీళ్లు పడ్డాయి, బాగానే పడ్డాయి. బోరు ప్రారంభానికి ముందే నేను ఒక సీసా పట్టుకుపోయి మందు వేశాను. అలా వేశానో లేదో పసుపు తిరిగింది. పాత బోరే నయం.

ఆ రిపోర్టు కాగితం చొక్కా జేబులో పెట్టుకుని ప్రారంభానికి పోయాను. పెద్దాయనను పక్కకు పిలిచి మెల్లగా చెబుదామని నా ఆలోచన. పక్కకు పిలవడానికి అక్కడ పక్కెక్కడిది? ఎలక్షన్లు దగ్గర పడ్డాయి. రెండు జీపుల మనుషులు దిగి ఉన్నారు. మోటారుకు పసుపు, కుంకుమ, పూలదండ. రెండు పొట్టేళ్లు కోశారు. పై వీధి మొత్తం బిందెలతో వరసలో నిలబడింది. మా వైపు ఒక పద్ధతి ఉండేది. ఎవరైనా పెద్దాయన బోరు వేయిస్తే, మొదటి నీళ్లు ఆయన తన చేత్తో ఒక్కొక్కరికీ చెంబుతో అందిస్తాడు. తాగితే ఆయన మనిషి. తాగకుండా కింద పెట్టినవాడు ఎవరి మనిషో ఆ రాత్రికల్లా ఊరే తేల్చుకుంటుంది.

పెద్దాయన మొదటి చెంబు నింపి చుట్టూ చూసి నన్ను పిలిచాడు. "నీళ్లు పరీచ్చ చేసే అబ్బి, మన ఇంటి బామ్మర్ది. ముందు ఈయప్ప తాగాల. ఈయప్ప తాగితే మనకు ఇంగ ఏ రిపోర్టూ అక్కర్లే," అన్నాడు గట్టిగా.

చెంబు నా చేతికొచ్చింది. జేబులో కాగితం ఉంది. బావ నా ముఖంలోకే చూస్తున్నాడు. ఆడవాళ్ల వరసలో అక్క, అక్క కొంగు పట్టుకుని పాప. నేను చెంబు కింద పెడితే బావ ఆ వీధిలో ఉండలేడు అని నాకు నేనే చెప్పుకున్నాను. చాలా ఏళ్లు ఇతరులకు కూడా అలాగే చెప్పాను. నిజం వేరే. నాకు భయమేసింది. జీపుల దగ్గర నిలబడ్డ మనుషులను చూశాను. ఎత్తి గటగటా తాగేశాను.

"ఎట్లుండాయి?"

"బాగుండాయన్నా," అన్నాను. ఈలలు వేశారు.

వారం తర్వాత రిపోర్టు తీసుకుని బావ దగ్గరికి పోయాను. ఆయన కళ్లం దగ్గర ఉంటే అక్కడికే పోయి చేతిలో పెట్టాను. చదివి నాలుగు మడతలు పెట్టి నా జేబులోనే దోపాడు. "ఊరందరి ముందర నువ్వే తాగితివి. ఇప్పుడు కాగితం తెస్తాండావు. వాళ్లు ఎంతిచ్చినారని అడుగుతారప్పా నిన్ను. ఇంట్లో ఈ మాట ఎత్తొద్దు. ఆడోళ్ల నోట్లో ఆగదు, బయటికి పోతే నా తల ఎగురుతుంది," అన్నాడు. సరే అన్నాను.

ఆ తర్వాత నేను తిరగని ఆఫీసు లేదు. పంచాయతీకి కాపీ తీసుకుపోతే సర్పంచి పెద్దాయన తమ్ముడే, కాగితం లోపల పెట్టేసి బయటికి పొక్కనీయలేదు. జమ్మలమడుగులో అర్జీ ఇస్తే, ఆ ఊరి సంగతులు మాకెందుకన్నారు. కడపకు పోతే జమ్మలమడుగుకు పొమ్మన్నారు. డ్యాం నీళ్లు పైపుల్లో ఇప్పించండని అడిగితే, ముందు రెండు వర్గాలను ఒప్పించుకుని రండి అని ఒకాయన సలహా ఇచ్చాడు. నన్ను చూసి జోకులేసుకునేవాళ్లు, పసుపు నీళ్లాయన వచ్చినాడని. నేను తిట్టని మనిషి లేడు. అందరికన్నా ఎక్కువగా మా బావను తిట్టుకున్నాను. కూతురి కాళ్ల కన్నా వీధి ఎక్కువైపోయింది ఈ మనిషికి అని, బస్సులో కూర్చుని పైకే గొణిగేవాణ్ణి.

డ్యాం నీళ్లు చివరికి వచ్చాయి. ఎలా వచ్చాయో చెబితే నవ్వు రాదు, కడుపు రగులుతుంది. రెండు వీధుల పెద్దాయనలూ ఒకే పార్టీలో చేరి, ఒకే రంగు కండువాలేసుకుని, ఒకే స్టేజీ మీద పక్కపక్కన కూర్చున్నారు. మరుసటి వేసవికల్లా పైపులు. అప్పటికి పాప పెద్దమనిషి అయి కూడా చాలా కాలమైంది. ఎముకలు ఎలా ఎదగాలో అలా ఎదిగేశాయి.

ఇప్పుడు ఆ పిల్ల జమ్మలమడుగులో బట్టలు కుడుతుంది. మిషను తొక్కలేదు, మోటారు పెట్టించుకుంది. గోడ పట్టుకుని నడుస్తుంది. మా బావ ముందే పోయాడు, అక్క పోయి రెండేళ్లయింది. ఈమధ్య వాళ్లింటికి పోయినప్పుడు, మామూలుగానే, పోయిన మనిషని కూడా చూడకుండా బావను తిట్టడం మొదలుపెట్టాను.

"నాయన్ను ఎందుకు తిడతావులే మామా," అంది గుండీలు కుడుతూనే. "నేను బాయి నీళ్లు తాగుతాంటి గదా."

ఏ బాయి అన్నాను.

"కింద వీధిది. నువ్వు మంచియని చెప్పినాక అమ్మే పంపిస్తాండె నన్ను. ఆడుకునేదానికి పోయినట్టు పోతాంటి. నా జతగత్తె వాళ్లమ్మ చేదితే కడుపు నిండా తాగి, సత్తుబుడ్డిలో ఇంత దాచుకోని వస్తాంటి. అమ్మకు, నాకు తప్ప ఎవురికీ తెల్దు."

"మరి ఎందుకు మానేసినావు?"

తల ఎత్తి నన్ను చూసింది. కోపం లేదు. "కొత్త బోరు కాడ నువ్వు తాగితివి గదా మామా. మామే తాగినాడంటే ఇంగ మంచియే పాపా, పోవద్దు, యాడన్నా చూస్తే నాయనకు తలకాయ నొప్పి అనె అమ్మ. కాళ్లు సరిగ్గా రాకపోతే గూడా, పాత నీళ్ల గుణం ఇంకా దిగలేదులే అంటాండె."

కాఫీ పెట్టమంటావా అని అడిగింది. వద్దన్నాను. ఆ కాగితం పట్టుకుని నేను పంచాయతీకి పోయాను, జమ్మలమడుగుకు పోయాను, కడపకు పోయాను. కళ్లం దగ్గర బావకిచ్చిన ఆ రోజు అక్క ఇంట్లోనే ఉంది, జొన్నలు చెరుగుతూ. అన్నం తినిపోరా అని పిలిచింది. నేను తిన్నాను, చేయి కడుక్కున్నాను, బస్సుకు టైమైందని వచ్చేశాను. అక్కకు చెప్పలేదు.